సోమ ఏ మతం పేరు?

మన దగ్గర పేరు అడగటమంటే మతం అడగటమే. ఇల్లు అద్దెకిచ్చేవాడికీ, బస్సులో పక్క సీటువాడికీ, పోలీసు స్టేషన్లో రైటరుకీ కావలసింది అదే. ఇరవై ఏళ్లుగా తెలుగులో రాసుకుని బతుకుతున్నాను. ఇప్పటికీ నా పేరు చెప్పగానే 'మీరు తెలుగు బాగా మాట్లాడతారే' అనేవాళ్లు తగులుతూనే ఉన్నారు. అందుకే అరకు కొండల్లో పిల్లలకు పేర్లు పెట్టే పద్ధతి తెలిశాక నాకు కొంచెం అసూయ కలిగింది. అక్కడ పేరు పుట్టిన వారాన్ని చెబుతుంది. అంతే.

సివేరి సోమ పేరు పత్రికలు చదివేవాళ్లకు గుర్తుండే ఉంటుంది. 2009లో అరకు లోయ నుంచి శాసనసభకు గెలిచారు. 2018 సెప్టెంబరు 23న డుంబ్రిగుడ మండలం లివిటిపుట్టు దగ్గర అప్పటి ఎమ్మెల్యే కిడారి సర్వేశ్వరరావునూ, ఆయన్నూ మావోయిస్టులు కాల్చి చంపారు. మర్నాడు ఆ రెండు పేర్లూ పక్కపక్కనే అచ్చయ్యాయి. సర్వేశ్వరరావు అనే పేరు మైదానంలో ఏ ఊళ్లోనైనా వినపడుతుంది. సోమ అనే ఆ రెండక్షరాలు మాత్రం కొండవి.

అరకు, ముంచంగిపుట్టు, సరిహద్దు దాటితే కోరాపుట్, మల్కాన్‌గిరి. 1936లో ఒరిస్సా ఏర్పడేదాకా ఇదంతా విశాఖపట్నం ఏజెన్సీయే. ఈ కొండల్లో కొటియా, పరజ, గదబ, బొండా ఇళ్లలో సోమవారం పుట్టిన మగబిడ్డ సోమ, మంగళవారం పుడితే మంగ్లా, బుధవారం బుద్ర, శుక్రవారం సుక్ర లేదా సుక్రు, ఆదివారం ఆయితు. ఆడపిల్లలకు సోంబారి, బుద్రి, సుక్రి. అందరికీ ఇలాగే పెడతారని కాదు, చనిపోయిన తాత పేరు పెట్టుకునేవాళ్లూ ఉన్నారు. ఒక్క ఊళ్లో నలుగురు సోమలుండటం మాత్రం వింతేమీ కాదు. పేరుకు ముందు ఇంటిపేరు ఉంటుంది: కొర్రా అంటే సూర్యుడు, కిల్లో పులి, పాంగి గద్ద, గొల్లోరి కోతి. ఎవరిని పెళ్లాడకూడదో చెప్పేది ఆ ఇంటిపేరే. దేవుడి సంగతి ఈ రెంటిలో ఎక్కడా రాదు.

సోమవారం శివుడిది కదా, సోమ హిందూ పేరే కదా అంటారు కొందరు పెద్దలు. వాళ్లకు కాస్త చరిత్ర గుర్తు చేయాలి. ఋగ్వేదంలో సోమ ఒక మొక్క, దాన్ని దంచి పిండిన రసం, ఆ రసానికి దేవత. ఇరాన్‌లో అవెస్తా వాళ్లు అదే మొక్కను హవోమ అన్నారు. సోమ అంటే చంద్రుడనే అర్థం తర్వాత బలపడింది. ఇక వారం సంగతి. వేదాల్లో తిథులున్నాయి, నక్షత్రాలున్నాయి. గ్రహాల పేర్లతో ఏడు వారాలు లేవు. ఆ లెక్క బాబిలోను ఖగోళంలోంచి, గ్రీకుల జ్యోతిషంలోంచి నడుచుకుంటూ మన దేశానికి వచ్చింది. తేదీతోపాటు వారాన్ని కూడా చెప్పిన తొలి భారతీయ శాసనాల్లో ముఖ్యమైంది మధ్యప్రదేశ్‌లోని ఎరణ్ స్తంభ శాసనం, క్రీ.శ. 484 నాటిది. రోమువాళ్లకు సోమవారం చంద్రుడి రోజే. ఇంగ్లీషువాళ్ల మండే కూడా మూనుదే. ఇంతమంది చేతులు మారిన వారాన్ని ఒక మతం ఖాతాలో రాసుకోవటం ఎట్లా?

మా ఇళ్లలో ఉర్దూ వారాలు వినండి. ఐత్వార్, పీర్, మంగల్, చార్‌శంబా, జుమేరాత్, జుమా, హఫ్తా. ఐత్వార్ అంటే ఆదిత్యవారమే. అరకు ఆయితు, మా అమ్మీ నోటి ఐత్వార్ ఒకే తల్లి బిడ్డలు. మంగల్ సరేసరి. చార్‌శంబా, హఫ్తా పారసీవి. జుమా అరబీది, దాని వెనక మన 'రాత్' చేరితే జుమేరాత్. సోమవారానికి పీర్ అన్నాం. దర్గాలో పడుకున్న పీర్‌కూ అదే మాట. ప్రవక్త పుట్టింది సోమవారమని హదీసు. పీర్ల పండక్కి మొక్కుకుని కన్న బిడ్డలకు తెలుగు పల్లెల్లో హిందువులూ పీరయ్య, పీరమ్మ, ఉసేనయ్య అని పెట్టుకున్నారు. ఇప్పుడు తగ్గిపోతున్నాయి ఆ పేర్లు. మనవాళ్లలోనూ నాగులుమీరా లాంటి పేరు పెడితే 'అదేం పేరు, అరబీ పేరు పెట్టుకోరాదా' అని దిద్దేవాళ్లు ఎక్కువయ్యారు. అవతలివాళ్ల శుద్ధి గురించి మాట్లాడేటప్పుడు ఇది కూడా చెప్పుకోవాలి.

గోపీనాథ్ మహంతి ఒడియా నవల 'పరజా'లో నాయకుడు సుక్రు జాని. ప్రేమ్‌చంద్ 'పంచ్ పరమేశ్వర్' కథలో జుమ్మన్ షేక్. ఒకరు కోరాపుట్ అడవిలో అప్పుల్లో చిక్కినవాడు, ఒకరు ఉత్తరాది పల్లెలో పంచాయితీ చేసినవాడు. ఇద్దరి పేర్లలోనూ ఉన్నది శుక్రవారమే. ఘనాలో అకాన్ జనం శుక్రవారం పుట్టిన కొడుకును కోఫీ అంటారు. ఐక్యరాజ్యసమితి నడిపిన కోఫీ అన్నన్ అట్లాంటివాడే. వాళ్ల సోమ పేరు కోజో. ఊళ్లకూ ఈ భాగ్యం ఉంది. తజికిస్తాన్ రాజధాని దుషంబే. పారసీలో సోమవారమని అర్థం. సోమవారం సంత జరిగే పల్లె పెరిగి నగరమైంది. 1929లో దానికి స్టాలినాబాద్ అని పేరు పెట్టారు, 1961లో మళ్లీ సంత పేరే వచ్చింది. సంతను బట్టి వారాన్ని లెక్కపెట్టుకునే అరకు జనానికి ఇది చెబితే పెద్దగా ఆశ్చర్యపోరు.

1719 నాటి రాబిన్సన్ క్రూసో కథలో కూడా ఒక శుక్రవారం ఉన్నాడు. అతని అసలు పేరేమిటో దొర అడగలేదు. శుక్రవారం దొరికాడు కాబట్టి ఫ్రైడే అన్నాడు. తల్లి పెట్టిన వారానికీ, యజమాని పెట్టిన వారానికీ తేడా అక్కడుంది. మన బడుల్లో, ఆఫీసుల్లో జరిగేది దీనికి తిరగేసిన పని. సోమ అని చెబితే సోమేశ్వరరావు అని రాసుకుంటారు. పేరు పొట్టిగా ఉంటే మర్యాద లేదని మైదానం నుంచి వచ్చిన పంతులు అనుకుంటాడు.

సివేరి సోమ కొడుకు పేరు అబ్రహాం. ఆయనా రాజకీయాల్లో ఉన్నాడు. తండ్రి పేరు సోమ, కొడుకు పేరు అబ్రహాం - ఒక్క తరంలో పేరు ఎంత దూరం నడిచిందో! ఆదికాండం ఆ పేరుకు అనేక జనాలకు తండ్రి అని అర్థం చెబుతుంది. అరబీలో అదే ఇబ్రహీం. మన పల్లెల్లో ఇబ్రాం. 1550 నుంచి 1580 దాకా గోల్కొండ ఏలిన ఇబ్రహీం కుతుబ్‌షాను తెలుగు కవులు మల్కిభరాముడన్నారు. మలిక్ ఇబ్రహీంలోంచి రాముణ్ణి లాగారు! అద్దంకి గంగాధర కవి తన 'తపతీ సంవరణోపాఖ్యానం' ఆయనకే అంకితమిచ్చాడు. ఆ రోజుల్లో అది ఎవరికీ తప్పనిపించలేదు.

ఇప్పుడు పేరు మారితే కాగితం మారుతుంది. 1950 నాటి షెడ్యూల్డ్ కులాల ఉత్తర్వు ప్రకారం ఎస్సీ కావాలంటే హిందువై ఉండాలి. 1956లో సిక్కులకు, 1990లో బౌద్ధులకు సడలించారు. ముస్లింలకు, క్రైస్తవులకు లేదు. గోసంగి అయితే ఎస్సీ. గోసంగి ముస్లిం అయితే 2007 చట్టంతో బీసీ-ఇ. పాక ఒకటే, పని ఒకటే, ఊరవతల చోటు కూడా ఒకటే. మతం మారిన దళితుల సంగతి తేల్చమని 2022 అక్టోబరులో కేంద్రం జస్టిస్ బాలకృష్ణన్ కమిషన్ వేసింది. తెగల ఉత్తర్వులో మాత్రం మతం షరతు లేదు. సోమ ఏ గుడికి పోయినా తెగ తెగే.

దాన్నీ తీసేయాలని, మతం మారినవాళ్లను తెగల జాబితాలోంచి తప్పించాలని కొందరు ఊరేగింపులు తీస్తున్నారు. ఎవరు మారారో ఎట్లా పట్టుకుంటారు? పేర్లు చూసే కదా. చూడనివ్వండి. సోమ అనే పేరుతోనే ప్రతి ఆదివారం చర్చికి పోయేవాళ్లు ఆ కొండల్లో ఉన్నారు.