గడి నుంచి అడ్డా దాకా

బి. నర్సింగరావు పేరున్న మూడు సినిమాల్ని విడుదలైన వరుసలో కాకుండా, కథలు జరిగే కాలాల వరుసలో చూశాను. ముందు ‘దాసి’ (1988), తర్వాత ‘మా భూమి’ (1980), చివర్న ‘మట్టి మనుషులు’ (1990). అలా చూస్తే తెలంగాణ పల్లె మనిషి సొంత చోటు పోగొట్టుకున్న చరిత్ర ఒకటి కనబడుతుంది.

‘దాసి’ నిజాం కాలపు గడి కథ. అర్చన వేసిన కమలాక్షి ఆ గడికి పని వెతుక్కుంటూ రాలేదు. దొరసాని వెంట, కట్నంలో భాగంగా వచ్చింది. వలస అంటే మనకి బస్టాండు, మూటాముల్లే గుర్తొస్తాయి. ఈమె ప్రయాణాన్ని వలస లెక్కలో ఎవరూ రాసుకోరు. దొర వల్ల వచ్చిన కడుపు ఉంచుకోవాలో వద్దో చెప్పే హక్కు కూడా ఆమెకి లేదు. ఆ సినిమాకి 5 జాతీయ అవార్డులొచ్చాయి. కానీ నాకు గుర్తుండిపోయింది కమలాక్షి మౌనం.

‘మా భూమి’కి నర్సింగరావు నిర్మాతల్లో ఒకడు. తీసింది బెంగాలీ గౌతమ్ ఘోష్, ఆధారం ఉర్దూ రచయిత కిషన్ చందర్ నవల. మన సాయుధ పోరాటం తెరకెక్కడానికి మూడు భాషలవాళ్లు కలిశారన్నమాట! అందులో రామయ్య కూడా ఊరొదిలి హైదరాబాద్ వెళ్తాడు. కానీ తిరిగొస్తాడు. కొట్లాడడానికి అక్కడ భూమి ఉంది.

‘మట్టి మనుషులు’ నాటికి ఆ తిరుగుదారి ఆశే సన్నగిల్లింది. ఊళ్లో బతకలేని భార్యాభర్తలు నగరంలో బిల్డింగ్ పనికొస్తారు. ఇప్పుడు పైనున్నది దొర కాదు, కాంట్రాక్టరు. గడి గోడలు లేవు, కానీ కట్టే ఇల్లు ఎప్పటికీ వాళ్లది కాదు.

ఒక అభ్యంతరం ఉంది. ప్రజ్ఞాపూర్‌లో కలిగిన కుటుంబంలో 1946లో పుట్టినవాడు దాసి కథ ఎలా చెప్తాడు? నాకైతే ఆ మౌనంలోనే జవాబు దొరికింది. ఆమె తరఫున ఉపన్యాసాలివ్వడు. ఆమె ఎక్కడ నిలబడాలో, ఎవరి ముందు తలొంచాలో చూపిస్తాడు. చిత్రకారుడి కన్ను అది.

నేనుండేది జల్‌పల్లిలో. 2008లో శంషాబాద్ ఎయిర్‌పోర్టు మొదలైంది. ఈ వైపు పొలాలు ప్లాట్లయ్యాయి. ఒకప్పుడు నగరమంతా పాలమూరు కూలీలు కట్టేవాళ్లు. ఇప్పుడు అడ్డా మీద ఒడియా, హిందీ ఎక్కువ వినిపిస్తున్నాయి. నేను ఆ ఎయిర్‌పోర్టు నుంచి ఆన్‌సైట్‌కి వెళ్లినప్పుడు మావాళ్లు స్వీట్లు పంచారు. దాన్ని ఎవరూ వలస అనలేదు.

మా పక్క బిల్డింగ్‌కి నాలుగో స్లాబ్ పడింది. రేకుల షెడ్డులో ఉన్న కుటుంబం పనయిపోగానే ఇంకో సైటుకి వెళ్తుంది. ముప్ఫయ్యేళ్లు దాటినా ‘మట్టి మనుషులు’ నాకు పాత సినిమాలా అనిపించకపోవడానికి కారణం ఆ షెడ్డే.