ముత్యాలమ్మ (పేరు)

ముత్యాలమ్మ తెలుగువారిలో స్త్రీలకు పెట్టే ఒక పేరు. నవరత్నాలలో ఒకటైన ముత్యము నుండి ఈ పేరు ఏర్పడినది. ఆంధ్ర ప్రదేశ్, తెలంగాణ రాష్ట్రాలలో, ముఖ్యంగా గ్రామీణ ప్రాంతాలలో, పాత తరం స్త్రీలలో ఈ పేరు ఎక్కువగా కనిపిస్తుంది. ఇదే పేరుతో ఒక గ్రామదేవత కూడా కలదు. రత్నమ్మ, వజ్రమ్మ, పగడాలమ్మ వంటి పేర్ల వలె ఇది కూడా కేవలం రత్నాన్ని బట్టి పెట్టిన పేరు అని పైకి అనిపిస్తుంది. కాని ఈ పేరు గల స్త్రీలలో అనేకులకు అది ఆభరణాన్ని చూసి పెట్టినది కాదు, గ్రామదేవతకు మొక్కుకొని పెట్టినది. ఆ మొక్కుల వెనుక మశూచి వ్యాధి చరిత్ర ఉన్నది.

పద వ్యుత్పత్తి

ముత్యము అనే పదానికి ముత్తెము, ముత్తియము అనే రూపాంతరాలు ఉన్నాయి. తమిళ, కన్నడ భాషలలో దీనిని ముత్తు అంటారు. సంస్కృతంలో ముక్తా, మౌక్తికము అనే పదాలు ఉన్నాయి. పాళీ, ప్రాకృత భాషలలో ముత్తా అనే రూపం కనిపిస్తుంది.

ఈ పదాల పరస్పర సంబంధం గురించి రెండు అభిప్రాయాలు ఉన్నాయి.

* సంప్రదాయ వ్యాకరణ దృష్టిలో మౌక్తికము ప్రకృతి, ముత్యము వికృతి. ముక్తా అనగా "విడువబడినది". ముత్యపుచిప్ప నుండి వెలువడినది కనుక ఆ పేరు వచ్చినదని వివరణ.
* ఆధునిక భాషాశాస్త్రవేత్తలలో కొందరు దీనికి విరుద్ధంగా, ముత్తు అనే ద్రావిడ పదమే సంస్కృతంలోనికి వెళ్ళి ముక్తా అయినదని భావించారు. ప్రాచీన కాలంలో భారతదేశంలో ముత్యాలకు ప్రసిద్ధి చెందినది పాండ్య దేశపు సముద్రతీరం. వస్తువు దక్షిణాది నుండి వెళ్ళినప్పుడు దాని పేరు కూడా వెంట వెళ్ళడం సహజమే.

కౌటిల్యుని అర్థశాస్త్రంలో ముత్యాల రకాలను చెప్పేటప్పుడు తామ్రపర్ణికము, పాండ్యకవాటకము అనే పేర్లను మొదట పేర్కొనడం గమనించదగినది. తామ్రపర్ణి నది నేటి తమిళనాడులో మన్నారు సింధుశాఖలో కలుస్తుంది. ఆ నదీముఖ ప్రాంతంలోని కొర్కై పాండ్యుల కాలంలో ముత్యాల రేవుగా పేరుపొందినది.

పేరు నిర్మాణం

ముత్యాల + అమ్మ = ముత్యాలమ్మ. ఇది అత్వసంధి. "ముత్యాల యొక్క అమ్మ" అని విగ్రహవాక్యం చెప్పుకుంటే షష్ఠీ తత్పురుష సమాసము అవుతుంది.

సంస్కృతంలో ముక్తా అనేది ఆకారాంత స్త్రీలింగ పదము. అందుచేత అది యథాతథంగా స్త్రీ పేరు కాగలదు. తెలుగులో ముత్యము అమహద్వాచకము. దానికి అమ్మ చేరితే స్త్రీ పేరు, అయ్య, రావు, నాయుడు, రెడ్డి వంటివి చేరితే పురుషుని పేరు అవుతుంది. ఈ కారణం వలననే తెలుగులో ఈ రత్నం పేరు స్త్రీ పురుషులిద్దరికీ వాడుకలో ఉన్నది. ముత్యాల అనే ఇంటిపేరు కూడా ఉన్నది.

రూపాంతరాలు

* స్త్రీల పేర్లు: ముత్యాలమ్మ, ముత్యమ్మ, ముత్యాలు, ముత్యం
* పురుషుల పేర్లు: ముత్యాలయ్య, ముత్యాలరావు, ముత్యాలనాయుడు, ముత్యంరెడ్డి, ముత్యాలు
* సంస్కృత రూపాలు: ముక్త, మౌక్తిక

ముత్యాలు అనే రూపం స్త్రీ పురుషులిద్దరికీ సమానంగా వర్తిస్తుంది. కేవలం పేరును బట్టి ఆ వ్యక్తి స్త్రీయో పురుషుడో చెప్పడం సాధ్యం కాదు.

దేవత పేరుగా

ముత్యాలమ్మ తెలుగువారి గ్రామదేవతలలో ఒకరు. పోచమ్మ, ఎల్లమ్మ, మైసమ్మ, పెద్దమ్మ, పోలేరమ్మ మొదలైన వారితో కలిపి ఈమెను అక్కచెల్లెళ్ళలో ఒకరిగా చెబుతారు. అక్కచెల్లెళ్ళు ఏడుగురని చెప్పుకున్నా, ఆ జాబితా ఊరూరికీ మారుతుంది. వీరి తమ్ముడు పోతురాజు. హైదరాబాదు, సికింద్రాబాదు నగరాలలో ఆషాఢ మాసంలో జరిగే బోనాల పండుగలో ముత్యాలమ్మ ఆలయాలలో కూడా బోనాలు సమర్పిస్తారు.

మద్రాసు బిషప్పుగా పనిచేసిన హెన్రీ వైట్‌హెడ్ దక్షిణ భారత గ్రామదేవతలపై వ్రాసిన గ్రంథంలో (1916) తెలుగు ప్రాంతపు దేవతలను పేర్కొంటూ ముత్యాలమ్మ పేరుకు ముత్యాల దేవత అని అర్థం చెప్పాడు. అదే సందర్భంలో, అక్కడ మశూచి నుండి కాపాడే దేవత గంగమ్మ అని వ్రాశాడు. దీనిని బట్టి మశూచిని ఏ దేవతకు ముడిపెట్టారన్నది ప్రాంతాన్ని బట్టి మారేదని తెలుస్తుంది. కొన్ని చోట్ల పోలేరమ్మ, కొన్ని చోట్ల పోచమ్మ, కొన్ని చోట్ల ముత్యాలమ్మ ఆ స్థానంలో పూజలందుకున్నారు.

మశూచితో సంబంధం

మశూచిని తెలుగులో స్ఫోటకము, పెద్దమ్మవారు అని కూడా వ్యవహరించేవారు. వ్యాధి సోకినదని అనకుండా "అమ్మవారు పోసింది" అని అనేవారు. జబ్బు పేరును నేరుగా పలికితే దేవతకు కోపం వస్తుందనే భయం, ఆమెను మర్యాదగా సాగనంపాలనే భావన ఈ మాటలలో కనిపిస్తాయి. రోగి ఉన్న ఇంటి గుమ్మానికి వేపమండలు కట్టడం, పసుపు నీళ్ళు వాడడం ఇదే ఆచారంలో భాగము. చిన్నమ్మవారు, ఆటలమ్మ అనే పేర్లు మరొక వ్యాధికి చెందినవి. అది మశూచి అంత ప్రమాదకరము కాదు.

మశూచిలో శరీరంపై లేచే పొక్కులు గుండ్రంగా, ఉబ్బెత్తుగా, చర్మం లోపల గింజలు పొదిగినట్లు గట్టిగా తగులుతాయి. చీము పట్టినప్పుడు తెల్లగా కనిపిస్తాయి. ఈ పోలికను బట్టి దక్షిణ భారతదేశంలో వాటిని ముత్యాలు అన్నారు. తమిళంలో ఈ పొక్కులకు ముత్తు అనే పేరు ఉన్నది. అక్కడి ముత్తుమారియమ్మ అనే దేవత పేరును కూడా ఇదే విధంగా వివరిస్తారు. ముత్యాలమ్మ అనే పేరుకు గల వివరణలలో ఇది ఒకటి. దీని ప్రకారం ముత్యాలమ్మ అనగా ముత్యాలు ధరించిన తల్లి మాత్రమే కాదు, ఆ "ముత్యాలు" ఇచ్చేదీ, తిరిగి తీసుకొనేదీ అయిన తల్లి.

తీవ్రమైన మశూచి సోకిన ప్రతి పదిమందిలో సుమారు ముగ్గురు మరణించేవారు. బ్రతికినవారికి ముఖంపై మచ్చలు మిగిలేవి. కొందరికి చూపు పోయేది. పసిపిల్లలకు ముప్పు మరింత ఎక్కువ. ఇటువంటి పరిస్థితులలో బిడ్డ బ్రతికితే అమ్మవారి పేరు పెడతామని తల్లిదండ్రులు మొక్కుకొనేవారు. ఆడపిల్ల అయితే ముత్యాలమ్మ, మగపిల్లవాడు అయితే ముత్యాలయ్య లేదా ముత్యాలు అయ్యేవారు. వరుసగా పిల్లలు దక్కని ఇళ్ళలో పుట్టిన బిడ్డకు పెంటయ్య, పుల్లయ్య వంటి పేర్లు పెట్టడం తెలుగునాట ఉన్న మరొక ఆచారము. ఒకదానిలో బిడ్డను విలువలేనిదిగా చూపి మృత్యువు కంట పడకుండా చేయడం, రెండవదానిలో బిడ్డను దేవతకే అప్పగించడం ఉద్దేశ్యము. రెండింటికీ మూలము శిశుమరణాల భయమే.

ముత్యాలమ్మ అనే పేరు వ్యాధికి గుర్తు అని కొందరు అపోహ పడతారు. పేరు సూచించేది వ్యాధిని కాదు, వ్యాధి నుండి బిడ్డను కాపాడినదని నమ్మిన దేవతను. అంతేకాక ఈ పేరు గల వారందరివీ మొక్కు పేర్లు కావు. నాయనమ్మ పేరు గాని అమ్మమ్మ పేరు గాని మనుమరాలికి పెట్టడం తెలుగువారి ఆచారము. మొదట మొక్కుగా వచ్చిన పేరు తరువాతి తరాలలో పెద్దల జ్ఞాపకంగా కొనసాగినది. అత్తగారి పేరుతో కూతురిని పిలవడానికి, కోప్పడడానికి కోడలు వెనుకాడేది. అందువలన ఇటువంటి పిల్లలను ఇంట్లో అమ్మలు, బుజ్జి వంటి ముద్దుపేర్లతో పిలిచేవారు.

మశూచి నిర్మూలన

మశూచికి టీకాను ఇంగ్లండుకు చెందిన ఎడ్వర్డ్ జెన్నర్ 1796లో కనుగొన్నాడు. భారతదేశంలో ఈ టీకాను మొదటిసారిగా 1802 జూన్ 14న బొంబాయిలో అన్నా డస్ట్‌హాల్ అనే మూడేళ్ళ బాలికకు వేశారు. స్వాతంత్ర్యం తరువాత 1962లో జాతీయ మశూచి నిర్మూలన కార్యక్రమం ప్రారంభమైనది. దేశంలో చివరి కేసు 1975 మే నెలలో నమోదైనది. 1977 ఏప్రిల్‌లో భారతదేశం మశూచి రహితమని అంతర్జాతీయ సంఘం ధ్రువీకరించినది. 1980 మే 8న ప్రపంచ ఆరోగ్య సభ ఈ వ్యాధి ప్రపంచమంతటా నిర్మూలించబడినదని ప్రకటించినది. 1970లకు ముందు పుట్టినవారిలో అనేకుల చేతులపై ఈ టీకా మచ్చలు నేటికీ కనిపిస్తాయి.

వ్యాధి పోయినా దేవత ఆరాధన ఆగలేదు. పంటలు, పశువులు, పిల్లల క్షేమం కోసం ముత్యాలమ్మకు జాతరలు, బోనాలు జరుగుతూనే ఉన్నాయి. అయితే మశూచి కోసం మొక్కుకోవలసిన అవసరం లేకపోవడంతో ఈ పేరు పెట్టడానికి గల ఒక ముఖ్య కారణం తొలగిపోయినది.

తెలుగు సంస్కృతిలో ముత్యము

తెలుగువారికి ముత్యాలు ప్రధానంగా వాణిజ్యం ద్వారా లభించాయి. కాకతీయ గణపతిదేవుడు 1244-45లో వేయించిన మోటుపల్లి అభయ శాసనంలో సుంకం విధించిన వస్తువులలో ముత్యాలు కూడా ఉన్నాయి. తరువాతి కాలంలో పర్షియన్ సింధుశాఖ ముత్యాల వ్యాపారానికి, ముత్యాలకు బెజ్జాలు వేసే పనికి హైదరాబాదు కేంద్రమై ముత్యాల నగరంగా పేరుపొందినది.

భద్రాచలంలో శ్రీరామనవమినాడు జరిగే సీతారామ కళ్యాణంలో ముత్యాల తలంబ్రాలు వాడతారు. ప్రభుత్వం తరఫున వీటిని సమర్పించే ఆచారం గోల్కొండ నవాబు అబుల్ హసన్ తానీషా (పాలన 1672-1687) కాలం నుండి వస్తున్నదని ప్రతీతి.

స్వాతి కార్తెలో కురిసిన వాన చినుకు ముత్యపుచిప్పలో పడితే ముత్యమవుతుందని ఒక నమ్మకము. భర్తృహరి నీతిశతకంలోనూ, దానికి ఏనుగు లక్ష్మణ కవి చేసిన తెలుగు అనువాదంలోనూ ఈ పోలిక కనిపిస్తుంది. వాస్తవానికి చిప్పలోని మెత్తని భాగానికి పరాన్నజీవి వంటిదేదైనా హాని కలిగించినప్పుడు, ఆ జీవి దాని చుట్టూ కాల్షియం కార్బొనేటు పొరలను పేర్చడం వలన ముత్యము ఏర్పడుతుంది. నవరత్నాలలో ముత్యము, పగడము మాత్రమే సముద్రజీవుల వలన ఏర్పడతాయి. మిగిలినవి ఖనిజాలు. జ్యోతిషంలో ముత్యమును చంద్రునికి చెందిన రత్నంగా చెబుతారు.

తెలుగు వాడుకలో అందమైన చేతివ్రాతను ముత్యాల్లాంటి అక్షరాలు అంటారు. ఉత్తములను ఆణిముత్యము, మేలిముత్యము అంటారు. గురజాడ అప్పారావు 1910లో ముత్యాల సరాలు అనే పేరుతో కొత్త మాత్రా ఛందస్సును ప్రవేశపెట్టాడు. బాపు దర్శకత్వంలో 1975లో ముత్యాల ముగ్గు చలనచిత్రం విడుదలైనది.

ఇతర భాషలలో

ముత్యము అర్థంగా గల స్త్రీల పేర్లు అనేక భాషలలో ఉన్నాయి.

* తమిళం: ముత్తులక్ష్మి, ముత్తమ్మాళ్. వైద్యురాలు, సంఘ సంస్కర్త ముత్తులక్ష్మీ రెడ్డి (1886-1968) ఈ పేరు గలవారిలో ప్రసిద్ధురాలు.
* గ్రీకు: మార్గరీటీస్ అనగా ముత్యము. ఆంగ్లంలోని మార్గరెట్ అనే పేరు దీని నుండి వచ్చినది.
* ఆంగ్లం: పెర్ల్. 1938లో సాహిత్యంలో నోబెల్ బహుమతి పొందిన పెర్ల్ బక్ పేరు ఇదే.
* అరబ్బీ: దుర్, లూలూ. 1250లో ఈజిప్టును పాలించిన షజర్ అల్-దుర్ పేరుకు ముత్యాల చెట్టు అని అర్థము.
* పారశీకం: మొర్వారీద్.

స్థలనామాలు

* ముత్యాలమ్మపాలెం: అనకాపల్లి జిల్లా, పరవాడ మండలంలోని తీరగ్రామము.
* ముత్యాలపల్లి: పశ్చిమ గోదావరి జిల్లా, మొగల్తూరు మండలంలోని గ్రామము. ఇక్కడ బండి ముత్యాలమ్మ ఆలయం ఉన్నది.
* ముత్యాలంపాడు: విజయవాడ నగరంలోని ఒక ప్రాంతము.

ప్రస్తుత వాడుక

20వ శతాబ్దం రెండవ సగం నుండి అమ్మ చివర గల పేర్లు పిల్లలకు పెట్టడం తగ్గుతూ వచ్చినది. ముత్యాలమ్మ కూడా ఆ కోవలోనిదే. అదే అర్థం గల మౌక్తిక, ముక్త వంటి సంస్కృత రూపాలు కొందరు ఎంచుకొంటున్నారు. అర్థం ఒకటే అయినా వీటికి గ్రామదేవతతో గాని మొక్కుతో గాని సంబంధం లేదు. ముత్యాలమ్మ అనే పేరులో ఉన్న ఆ రెండవ అర్థం, నాయనమ్మల పేర్లు మనుమరాళ్ళకు కొనసాగుతున్న కుటుంబాలలో మాత్రమే నిలిచి ఉన్నది.