ఉత్పల్ దత్తు: తెరమీది గురువు, రంగస్థలంమీది రైతు

‘గోల్‌మాల్’ (1979) చిత్రంలో మీసాల పిచ్చిగల యజమానిని చూచి నవ్వుకున్నవారిలో చాలామందికి ఆ నటుని అసలు చరిత్ర తెలియదు. ఉత్పల్ దత్తు (1929–1993) జెఫ్రీ కెండాల్ నడిపిన షేక్స్పియర్ నాటకబృందంలో నటన నేర్చుకున్నాడు. 1949లో లిటిల్ థియేటర్ గ్రూపును స్థాపించి, తొలుత ఇంగ్లీషులోనూ తరువాత బెంగాలీలోనూ నాటకాలాడాడు. 1959లో ‘అంగార్’లో గనికార్మికుల జలసమాధిని రంగస్థలం మీదికి తెచ్చాడు. 1965లో ‘కల్లోల్’ ద్వారా 1946 నాటి నావికుల తిరుగుబాటును మళ్లీ వినిపించాడు. ఆ ఏడే ప్రభుత్వం ఆయనను విచారణ లేకుండా నెలల తరబడి నిర్బంధించింది. ‘మా భూమి’ నాటకంపై మదరాసు ప్రభుత్వం పెట్టిన నిషేధాన్ని ఎరిగిన మనకు ఇది వింత కాదు.

సినిమాలు ఆయనకు పొట్టకూటికి, నాటకాలు ఆశయానికి అనే మాట ఒకటి ఉంది. అందులో కొంత నిజముంది గాని అది చాలదు. ఆయన స్వయంగా చిత్రాలకు దర్శకత్వం వహించాడు. వాటిలో ‘ఝడ్’ (1979) హిందూ కళాశాల అధ్యాపకుడు డిరోజియోను గూర్చినది. విద్యార్థులకు ప్రశ్నించటం నేర్పినందుకు 1831 ఏప్రిల్‌లో ఆ యువకుడు ఉద్యోగం వదులుకోవలసివచ్చింది. ఆ డిసెంబరులోనే, ఇరవైరెండేళ్లకే మరణించాడు.

అంతకు ఎనిమిదేళ్ల ముందు వ్రాసిన ‘టినేర్ తలవార్’ నాటకం (1971) చూడండి. 1876 నాటక ప్రదర్శనల చట్టం నాటి ఒక నాటక సమాజం కథ అది. చివర ఇంగ్లీషు అధికారి ఎదుటనే నటుడు ఆడుతున్న వేషం విడిచి తీతూమీర్ మాటలు పలుకుతాడు. ఆ తీతూమీర్ ఎవరు? జమీందార్లనూ కంపెనీనీ ఎదిరించి, నారికేల్‌బేడియాలో వెదురుకోట కట్టి, 1831 నవంబరులో ఫిరంగులకు బలియైన రైతునాయకుడు.

రెండూ ఒకే సంవత్సరం! ఒకటి తరగతిగదిలో పుట్టిన తిరుగుబాటు, రెండవది పొలంలో పుట్టినది. చరిత్రలో ఈ రెండూ చేతులు కలిపిన దాఖలా కనిపించదు. కలకత్తా యువకులు మూఢాచారాలను నిర్భయంగా ఎదిరించారు. కాని వెదురుకోట వారి లోకానికి వెలుపలే ఉండిపోయింది. దత్తు కృషిలో మాత్రం గురువు తెరమీద, రైతు రంగస్థలంమీద మనకు పక్కపక్కనే కనిపిస్తారు.

కళాశాలలో పాఠం చెప్పే నాకు డిరోజియో దగ్గరివాడు. విద్యార్థి మిత్రులకూ అంతే. ఆయన ధైర్యాన్ని తక్కువచేయటం నా ఉద్దేశం కాదు. కాని మన ప్రశ్నలు కళాశాల గోడ దాటి వెదురుకోట దాకా పోతున్నాయా? ఉత్పల్ దత్తును చదవటమంటే ఈ ప్రశ్నకు జవాబు చెప్పుకోవటమే.