నీల్ పీర్ట్

నీల్ పీర్ట్ (1952 సెప్టెంబరు 12 – 2020 జనవరి 7) కెనడా రాక్ బృందం 'రష్'కు డ్రమ్మరు, గీత రచయిత. నాలుగు దశాబ్దాల పాటు గాయకుడు గెడ్డీ లీ పాడిన పాటల్లో చాలావాటికి సాహిత్యం వెనకాల డ్రమ్ముల మధ్య కూర్చున్న ఇతనిదే.

ఒంటారియో రాష్ట్రంలోని హామిల్టన్‌లో పుట్టి, సెయింట్ కాథరీన్స్‌లో పెరిగాడు. ఇంట్లో కనబడిన ప్రతి వస్తువు మీదా దరువు వేస్తుంటే చూడలేక తల్లిదండ్రులు పదమూడో పుట్టినరోజుకు డ్రమ్ము కర్రలు కొనిచ్చి, పాఠాలకు పంపారు. 18 ఏళ్లకు అదృష్టం వెతుక్కుంటూ లండన్ వెళ్లాడు. అక్కడ దొరికింది కార్నబీ వీధిలో దుకాణం పని. తిరిగొచ్చి తండ్రి దగ్గర వ్యవసాయ యంత్రాల విడిభాగాలు అమ్మాడు.

1974 జులైలో, తొలి అమెరికా పర్యటనకు రెండు వారాల ముందు, పాత డ్రమ్మరు జాన్ రట్సీ స్థానంలో రష్‌లో చేరాడు. గెడ్డీ లీకి, గిటారిస్టు అలెక్స్ లైఫ్‌సన్‌కు పాటలు రాయడం మీద పెద్దగా మోజు లేదు. కొత్తగా వచ్చినవాడు పుస్తకాల పురుగు. దాంతో ఆ బాధ్యత అతని మీద పడింది. 1975 నాటి 'కరెస్ ఆఫ్ స్టీల్' ఆల్బమ్ సరిగా అమ్ముడుపోలేదు. చిన్న పాటలు చేయమని రికార్డు కంపెనీ ఒత్తిడి తెచ్చింది. ఈ ముగ్గురూ మొండికేసి, '2112' (1976)లో రికార్డు ఒక వైపంతా ఇరవై నిమిషాల ఒకే రచనతో నింపారు. అదే వాళ్లను నిలబెట్టింది. అయితే రచయిత్రి అయన్ రాండ్ ప్రభావం కొట్టొచ్చినట్టు కనిపించే ఆ సాహిత్యం ఇవాళ కాస్త బరువుగానే తోస్తుంది.

రచయితగా పదును తేలింది 'మూవింగ్ పిక్చర్స్' (1981)లో. 'టామ్ సాయర్'ను గీత రచయిత పై డుబాయ్‌తో కలిసి రాశాడు. 'లైమ్‌లైట్'లో పేరొస్తే కలిగే ఇబ్బందిని చెప్పుకున్నాడు. అభిమానుల ముందుకు రావాలంటే జంకే మనిషి మరి. అదే ఆల్బమ్‌లో మాటల్లేని 'వైవైజెడ్' ఉంది. టొరంటో విమానాశ్రయ సంకేతాక్షరాలను మోర్స్ కోడ్‌లో కొడితే వచ్చే లయే దాని ఎత్తుగడ.

డ్రమ్మర్లకు ఆరాధ్యుడైపోయాక కూడా, నలభై దాటిన వయసులో ఫ్రెడ్డీ గ్రూబర్ దగ్గర శిష్యుడిగా చేరి, కర్ర పట్టుకునే తీరు సహా మళ్లీ మొదటినుంచి నేర్చుకున్నాడు.

1997 ఆగస్టులో, అప్పటికి ఒక్కగానొక్క కూతురు కారు ప్రమాదంలో చనిపోయింది. పది నెలలకు భార్యను క్యాన్సర్ తీసుకెళ్లింది. సంగీతం మానేసి మోటారుసైకిల్ మీద దాదాపు 88,000 కిలోమీటర్లు తిరిగాడు. ఆ ప్రయాణమే 'గోస్ట్ రైడర్' పుస్తకం. 2000లో మళ్లీ పెళ్లి చేసుకున్నాడు. 2002లో 'వేపర్ ట్రెయిల్స్'తో బృందం తిరిగి వినిపించింది.

2015 ఆగస్టు 1న లాస్ ఏంజెలెస్ కచేరీతో అతని వేదిక జీవితం ముగిసింది. మెదడు క్యాన్సర్ వచ్చిన సంగతి మూడేళ్లకు పైగా ఆప్తులను దాటి బయటికి పొక్కలేదు. శాంటా మోనికాలో కన్నుమూసిన వార్త కూడా లోకానికి మూడు రోజుల తర్వాతే తెలిసింది.