పద్నాలుగేళ్ల వయసు: బడికీ పనికీ మధ్య ఒక రాజ్యాంగ చరిత్ర

1950 జనవరి 26న అమలులోకి వచ్చిన భారత రాజ్యాంగంలో పద్నాలుగేళ్ల ప్రస్తావన రెండు చోట్ల ఉంది. ఆ వయసు నిండని పిల్లలను కర్మాగారాల్లోనూ గనుల్లోనూ ఇతర ప్రమాదకరమైన పనుల్లోనూ పెట్టుకోరాదని 24వ అధికరణం నిషేధించగా, పదేళ్లలోగా ఆ వయసు వరకు పిల్లలందరికీ ఉచిత నిర్బంధ విద్య అందించేందుకు రాజ్యం ప్రయత్నించాలని 45వ అధికరణం నిర్దేశించింది. మొదటిది ప్రాథమిక హక్కు, అంటే ఉల్లంఘన జరిగితే పౌరుడు నేరుగా న్యాయస్థానాన్ని ఆశ్రయించగలిగినది. రెండవది ఆదేశిక సూత్రం, అంటే పాలనకు దారి చూపేదే తప్ప కోర్టు ద్వారా అమలు చేయించుకోగలిగినది కాదు. ఒకే వయసును ఆధారం చేసుకున్న ఈ రెండు నియమాలు వేర్వేరు భాగాల్లో పడటంతో ఏర్పడిన ఎడంలోనే అణగారిన వర్గాల పిల్లల చదువు దశాబ్దాలపాటు చిక్కుకుపోయింది.

వయసు లెక్క అంతకు ముందే మొదలైంది. రైతులూ శ్రామికులూ కట్టిన పన్నులతో పై వర్గాల ఉన్నత విద్య సాగుతున్నదని 1882లో విద్యపై విచారణ జరిపిన హంటర్ కమిషన్‌కు విన్నవించిన జోతిరావు ఫూలే, కనీసం పన్నెండేళ్ల వరకైనా ప్రాథమిక విద్యను నిర్బంధం చేయాలని కోరారు. ఆరు నుంచి పదేళ్ల పిల్లలకు నిర్బంధ విద్యను స్థానిక సంస్థల ద్వారా క్రమంగా ప్రవేశపెట్టాలని 1911లో గోపాలకృష్ణ గోఖలే ప్రతిపాదించిన బిల్లు, మరుసటి ఏడాది మార్చిలో 13కు వ్యతిరేకంగా 38 ఓట్లతో వీగిపోయింది.

రాజ్యాంగ రచన తొలి దశలో ఉచిత ప్రాథమిక విద్యను హక్కుగానే భావించారు; అయితే 1947లోనే దాన్ని కోర్టులు అమలు చేయలేని సూత్రాల వరుసలోకి మార్చారు. 1948 నవంబరు 23న తర్వాత 45వ అధికరణంగా మారిన ముసాయిదా 36వ అధికరణం రాజ్యాంగ సభ ముందుకు వచ్చినప్పుడు, అమలుకు వీల్లేని భాగంలో 'హక్కు' అన్న మాట ఇమడదన్న కారణంతో పండిత లక్ష్మీకాంత మైత్ర ఆ హక్కును ప్రకటించే మాటల తొలగింపును ప్రతిపాదించగా సభ అంగీకరించింది. బాధ్యతను ప్రాథమిక విద్యకే పరిమితం చేయాలన్న నజీరుద్దీన్ అహ్మద్ సవరణను మాత్రం అంబేడ్కర్ తోసిపుచ్చారు. పద్నాలుగేళ్లలోపు పిల్లలను పనిలో పెట్టుకోరాదని మరో అధికరణం చెబుతున్నప్పుడు, ఆ వయసు వరకు వారిని విద్యాసంస్థలో ఉంచక తప్పదన్నది ఆయన వాదన. పనిని నిషేధించే నియమానికి బడి జంట కావాలన్న ఆలోచనకు ఆ సమాధానమే మూలం.

45వ అధికరణం పెట్టిన పదేళ్ల గడువు లక్ష్యం నెరవేరకుండానే 1960లో ముగిసింది. షెడ్యూల్డు కులాలు, తెగల విద్యా ప్రయోజనాలను ప్రత్యేక శ్రద్ధతో పెంపొందించాలన్న 46వ అధికరణం వెలుగులో సంక్షేమ వసతి గృహాలూ ఆశ్రమ పాఠశాలలూ వెలిశాయి, పి.వి. నరసింహారావు ముఖ్యమంత్రిగా ఉన్న 1971లో నల్లగొండ జిల్లా సర్వేలులో గురుకుల విద్యకు నాంది పడింది. ఎంతో మందికి దారి చూపినా, ఇవి సీటు దొరికిన పిల్లలకు అందిన అవకాశాలే గాని ప్రతి బిడ్డకూ దక్కిన హక్కు కావు.

ఊళ్లలో పని స్వభావమే 24వ అధికరణానికి అందలేదు, ఎందుకంటే పొలం కర్మాగారమూ కాదు, గనీ కాదు. అప్పు కింద దొర ఇంట్లోనో రైతు దగ్గరో 'జీతం' ఉన్న పిల్లవాడు పశువులను కాస్తే, ఆడపిల్లలు పత్తి విత్తన చేలలో 'క్రాసింగ్'కు, అంటే ఒక మొక్క పువ్వులోని పుప్పొడిని మరొక మొక్క పువ్వుకు చేత్తో అంటించే పనికి వెళ్లారు. 1986 నాటి బాలకార్మిక చట్టం సైతం ఎంపిక చేసిన పనులనే నిషేధించింది. 1991లో రంగారెడ్డి జిల్లాలో పిల్లలను పనినుంచి బడికి మళ్లించే కృషి మొదలుపెట్టిన స్వచ్ఛంద సంస్థ ఎం.వి. ఫౌండేషన్, బడిలో లేని ప్రతి బిడ్డా బాలకార్మికుడేనన్న సూత్రాన్ని పట్టుకుని, పనినుంచి విడిపించిన పిల్లలను బడికి సిద్ధం చేసే బ్రిడ్జి కోర్సు శిబిరాల్లో చదివించి, వయసుకు తగిన తరగతిలో చేర్పించింది. చట్టం విడదీసిన జంటను ఆ సంస్థ ఊరిలో తిరిగి కలిపిందన్నమాట.

న్యాయస్థానంలోనూ ఆంధ్రప్రదేశ్‌నుంచి వెళ్లిన వివాదమే మలుపు తెచ్చింది. వృత్తి విద్యా కళాశాలల్లో క్యాపిటేషన్ రుసుము, అంటే సీటు కోసం బోధనా రుసుముకు మించి వసూలు చేసే సొమ్ము, చుట్టూ నడిచిన ఉన్నికృష్ణన్ కేసులో సుప్రీంకోర్టు 1993 ఫిబ్రవరి 4న తీర్పు వెలువరించింది. తెలుగువారైన జస్టిస్ బి.పి. జీవన్ రెడ్డి రాసిన తీర్పు, ఆదేశిక సూత్రాల్లో 45వ అధికరణం ఒక్కదానికే గడువు ఉన్నదనీ, ఆ గడువుకు నాలుగు రెట్ల కాలం దాటిపోయిందనీ గుర్తుచేస్తూ, పద్నాలుగేళ్ల వరకు విద్య 21వ అధికరణంలోని జీవించే హక్కులో భాగమని చెప్పింది. ఆపైన చదువు రాజ్యపు ఆర్థిక శక్తికి లోబడి ఉంటుందని స్పష్టం చేసింది.

2002 నాటి 86వ సవరణ 21ఎ అధికరణాన్ని ప్రాథమిక హక్కుల్లో చేర్చింది గాని, ఆరు నుంచి పద్నాలుగేళ్ల వారికే దాన్ని పరిమితం చేసి, ఆరేళ్లలోపు వారిని సవరించిన 45వ అధికరణానికి, అంటే మళ్లీ ఆదేశిక సూత్రాలకే వదిలింది. అంగన్‌వాడీ వయసు పిల్లలు ఆ విధంగా హక్కుకు వెలుపల ఉండిపోయారు. 2009 నాటి విద్యాహక్కు చట్టంతోపాటు ఈ సవరణ 2010 ఏప్రిల్ 1న అమలులోకి వచ్చింది. బడికి దూరమైన బిడ్డను వయసుకు తగిన తరగతిలో చేర్చి ప్రత్యేక శిక్షణ ఇవ్వాలన్న ఆ చట్టపు 4వ సెక్షన్‌లో బ్రిడ్జి కోర్సుల ఆలోచనే కనిపిస్తుంది. ప్రైవేటు పాఠశాలల ప్రవేశ తరగతిలో కనీసం 25 శాతం సీట్లు బలహీన, అణగారిన వర్గాలకు కేటాయించాలన్న నిబంధనను సుప్రీంకోర్టు 2012లో సమర్థించినా, ప్రభుత్వ సాయం పొందని మైనారిటీ సంస్థలను దానినుంచి మినహాయించింది.

పద్నాలుగేళ్లలోపు పిల్లలకు అన్ని రకాల పనులనూ నిషేధిస్తూ బాలకార్మిక చట్టాన్ని సవరించింది 2016లో; అంబేడ్కర్ ఒక్క సమాధానంలో జతచేసిన రెండు నియమాలు చట్టంలో కలుసుకోవడానికి 68 ఏళ్లు పట్టింది. అయినా బడి వేళల తర్వాతా సెలవుల్లోనూ, ప్రమాదకరం కాని కుటుంబ వృత్తిలో సాయపడవచ్చునన్న మినహాయింపు అందులో మిగిలింది. తల్లిదండ్రులూ తోబుట్టువులే కాక మేనమామలు, బాబాయిలు, మేనత్తలు, పిన్నులు కూడా ఆ 'కుటుంబం' అన్న నిర్వచనంలోకి వస్తారు. సొంత చేనుకూ మేనమామ కౌలు చేనుకూ ఒకేలా వర్తించే ఆ మినహాయింపు ఎక్కడ ఆగుతుందో తేల్చగలిగేది బడి హాజరు పట్టీయే.