మాయాశశిరేఖ: సావిత్రి యభినయ విశేషము

తెలుగు నాటకరంగ చరిత్రలో పురుషులు స్త్రీపాత్రలను ధరించుట చిరకాలము ప్రశస్తమైన కళగా నుండెను. కూచిపూడి భాగవతుల సత్యభామ వేషమును, స్థానం నరసింహారావు (1902–1971) రంగస్థలముపై మెప్పించిన సత్యభామ పాత్రయు నిందుకు నిదర్శనములు. ఈ సంప్రదాయమునకు విలోమమైన ఘట్టమొకటి 1957లో తెలుగు చలనచిత్రమున గోచరించినది. స్త్రీ, స్త్రీవేషముననే యుండి, పురుషుని ప్రదర్శించుట యందలి విశేషము. విజయా సంస్థ నిర్మింపగా కె.వి.రెడ్డి దర్శకత్వమున వెలువడిన 'మాయాబజార్'లో సావిత్రి నిర్వహించిన మాయాశశిరేఖ పాత్రమే యది.

సావిత్రి పేరు స్మరించినంతనే పలువురకు 'దేవదాసు' (1953)లోని పార్వతి దుఃఖమును, ఆ నటి జీవితాంతమున ననుభవించిన కష్టములును మదికి వచ్చును. 1981 డిసెంబరు 26న ఆమె మరణించెను. 2018లో వచ్చిన 'మహానటి' చిత్రము ఆ జీవితకథను నూతన తరమునకు పరిచయము చేసినది. అయితే జీవితచరిత్ర వేఱు, అభినయచరిత్ర వేఱు. కన్నీటినే కళకు కొలబద్దగా గ్రహించినచో నామె ప్రతిభలో సగము మఱుగుపడును.

కథాసందర్భము సుపరిచితమే. అభిమన్యుని ప్రేమించిన శశిరేఖకు లక్ష్మణకుమారునితో వివాహము నిశ్చయమగును. ఘటోత్కచుడు ఆమెను తన యాశ్రమమునకు చేర్చి, తాను శశిరేఖారూపమున ద్వారకలో నిలుచును. పెండ్లిముచ్చటను గూర్చిన పాటలో ఈ మాయాశశిరేఖ క్షణకాలము వధువై సిగ్గుపడును. మఱుక్షణమున రాక్షసవీరుడై విజృంభించును.

భరతుడు చెప్పిన చతుర్విధాభినయములను ఈ ఘట్టమునకు అన్వయించి చూడవలెను. ఆహార్యము శశిరేఖది, అది మాఱదు. పాటలోని వాచికము సుశీల, ఘంటసాలల కంఠములది. ఇక నటికి మిగిలినవి ఆంగిక సాత్త్వికములు మాత్రమే. పాత్రభేదమంతయు నడకలో, భుజముల నిలుపులో, చూపులో వ్యక్తము కావలెను. అంతకుముందే ఎస్.వి.రంగారావు ఘటోత్కచుని ప్రేక్షకులు చూచియుందురు. ఆ నటుని ధోరణి స్ఫురింపనిచో హాస్యము పుట్టదు, మితిమీఱినచో వికటమగును. పైగా మాయాశశిరేఖ చూపు లజ్జ నిజమైన లజ్జ కాదు. ఘటోత్కచుడు నటించు లజ్జ. ఈ మూడంతస్తులను సావిత్రి యేకకాలమున నిర్వహించినది.

ఇందలి ఘనత దర్శకునికిని, నృత్యదర్శకుడు పసుమర్తి కృష్ణమూర్తికిని చెందవలెనని యెవరైన ననవచ్చును. వారి భాగము కాదనరానిది. కాని అదే చిత్రమున నిజమైన శశిరేఖను గూడ నామెయే ధరించినది. ముఖమొక్కటే యైనను వీరిద్దరిలో ఎవరు తెరపై నున్నారో ప్రేక్షకునికి సందేహము కలుగదు. ఈ భేదము నటి శరీరమున సాధింపబడినదే. రెండేండ్లకు ముందు 'మిస్సమ్మ' (1955)లో కోపమునుండియే హాస్యమును పుట్టించిన మేరీ పాత్రము కూడ ఈ శక్తికి పూర్వసూచన. మొదట భానుమతికి ఉద్దేశింపబడిన ఆ పాత్రము సావిత్రికి తరువాత లభించినది.

పరిశోధక విద్యార్థులు 2010లో వెలువడిన వర్ణచిత్రముతో తృప్తినొందక, మార్కస్ బార్ట్లే ఛాయాగ్రహణమున నలుపు తెలుపులలో నున్న మూలమును పరిశీలింపవలెను. సావిత్రియే నటించిన తమిళ ప్రతితో దానిని పోల్చి చూడవలెను. ఖానాపురం హవేలి మొదలు భద్రాచలారణ్య సీమవఱకు గల గ్రామములలో ఆ చిత్రమును తొలినాళ్ళ చూచిన వృద్ధులుందురేని, వారి స్మృతులను వెంటనే లిఖించుకొనవలెను. గ్రంథమునకు తాళపత్ర మెట్టిదో, అభినయమునకు ప్రేక్షకుని జ్ఞాపకమట్టిది. అది నశించిన పిమ్మట పరిష్కర్త చేయగలిగినది స్వల్పము.