నవ్వుల కొలువుకు పడ్డ తాళం

1924. హైదరాబాద్. లోటస్ కంపెనీ వారి హాల్లో దీపాలు ఆర్పేశారు. తెర మీద ఢిల్లీ సుల్తానా రజియా. మాట లేదు, అంతా కళ్లతోనే. రాణి ముస్లిం, ఆమె మనసుపడ్డవాడు హిందువు. బొమ్మ పేరు 'రజియా బేగం'. తీసినవాళ్లు బొంబాయివాళ్లు. ఆడించినవాడు మాత్రం జనాన్ని నవ్వించడమే పనిగా పెట్టుకున్న బెంగాలీ.

ఆయనే ధీరేంద్రనాథ్ గంగూలీ. శాంతినికేతన్‌లో చదివి, చిత్రకళ నేర్పే ఉద్యోగానికి హైదరాబాద్ వచ్చాడు. వేషాలంటే ప్రాణం. రకరకాల మనుషులుగా తానే మారి, ఫొటోలు దిగి, పుస్తకం వేశాడు. ఆ వేషాలే ఆయన్ని సినిమాకు చేర్చాయి. 1921లో కలకత్తాలో వచ్చిన 'బిలాత్ ఫేరత్'లో ఆయనే హీరో. ఇంగ్లండ్ నుంచి తిరిగొచ్చి, ప్రేమ గురించీ పెళ్లి గురించీ వింత వింత మాటలతో ఇంటిల్లిపాదినీ హడలెత్తించే కుర్రాడి కథ అది.

ఆ ఊపుతోనే మళ్లీ హైదరాబాద్ చేరాడు. నిజాం ప్రాపకంతో లోటస్ ఫిల్మ్ కంపెనీ వెలిసింది. స్టూడియో కట్టాడు, సినిమా హాళ్లు నడిపాడు. 'లేడీ టీచర్', 'మ్యారేజ్ టానిక్' వంటి హాస్య చిత్రాలతో పాటు 'హర గౌరి', 'ఇంద్రజిత్' వంటి పురాణ కథలూ తీశాడు.

అదే 1924లో అమెరికాలో బస్టర్ కీటన్ 'షెర్లాక్ జూనియర్' తీశాడు. ఒకే అమ్మాయి కోసం ఇద్దరు పోటీపడే కథ. అక్కడ ప్రేమకు అడ్డొచ్చినవాడు నవ్వులపాలయ్యాడు. ఇక్కడ ప్రేమకథకు అడ్డొచ్చింది ప్రభుత్వం. 'రజియా బేగం' చూసి ఏడో నిజాం మీర్ ఉస్మాన్ అలీఖాన్ ఆగ్రహించాడు. రాజ్యం విడిచి పొమ్మని గంగూలీకి ఆజ్ఞ అయింది. కట్టుకున్న స్టూడియో ఇక్కడే ఉండిపోయింది, మనిషి వెళ్లిపోయాడు.

ఆయన కుంగిపోలేదు. కలకత్తాలో 1929లో బ్రిటిష్ డొమినియన్ ఫిల్మ్స్ స్థాపించాడు. 1975 సంవత్సరానికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం అందుకున్నాడు. నష్టపోయింది మనమే. కరీంనగర్‌లో పుట్టిన పైడి జైరాజ్ మూకీల్లో హీరో అయ్యాడు, కానీ అందుకు బొంబాయి వెళ్లాల్సి వచ్చింది.

మన దేశపు మూకీల్లో చాలావాటి రీళ్లు ఈనాడు లేవు. మీ పాత పెట్టెల్లో లోటస్ కంపెనీ కరపత్రమో, ఫొటోనో, ముక్క రీలో కనిపిస్తే దయచేసి పారేయకండి. పుణేలోని జాతీయ ఫిల్మ్ ఆర్కైవ్‌కు చేర్చండి. తెలంగాణ సినిమా చరిత్రలో మొదటి పుట అదే.